బస్రావోళ్ళు

రేషను కార్డులో తిరుమాని అనే ఉంటుంది.
సఖినేటిపల్లి రేవులో మాత్రం మేం బస్రావోళ్ళం.
పంటు మీద టికెట్లు కోసే కుర్రాడు
"బస్రావోళ్ళమ్మాయేలే, చిల్లర రేపిస్తది" అంటాడు.
ముత్యాల వ్యాపారమా మీవాళ్ళది, అనడిగింది
నరసాపురం కాలేజీలో కొత్తగా చేరిన లెక్చరరు.
ఆయ్, అవునండి, అనేశాను.
ఎక్కణ్ణుంచి మొదలెట్టి చెప్పను?

ముత్తాత బైరాగికి తుపాకీ ఇవ్వలేదు.
గెడ ఇచ్చారు.
కాలవలో ధాన్యం పడవ నడుపుకునేవాడికి
లాకుల దగ్గర నిలబడి ఎవరో దొర
నీళ్ళెక్కడైనా నీళ్ళేగా అన్నాడట.

కావు.
ఆ ఏటికి వాన చుక్క పడకుండానే వరదొస్తుంది.
ఎగువన మంచు కరిగిందన్నారు.
మంచంటే ధనుర్మాసంలో
గడ్డివాము మీద కూర్చునేదే తెలుసు ఆయనకి.

పైకి పిండి బస్తాలు, తూటాల పెట్టెలు.
కిందికి మనుషులు,
ఒకళ్ళ మీద ఒకళ్ళు.
పడవ ముక్కున నిలబడి లోతు పలకడం ఆయన పని.
రెండు బారలు. బారన్నర. బార.
తెలుగులోనే అరిచేవాడట.
చుక్కాని పట్టింది చిట్టగాంగు వాడు,
అంకె తెలియకపోయినా
గొంతుని బట్టి తిప్పేవాడు.

మేట తగిలిన రాత్రి
చీకట్లో మూలుగులు లెక్కపెట్టుకున్నాడట.
తెల్లారేసరికి లెక్క తగ్గిందని
ముసలితనంలో, ఒక్కసారి, నాయనమ్మతో అన్నాడు.
వెంటనే పులసల ధర అడిగాడు.

పోస్టులో ఒక బిళ్ళ వచ్చింది, రాజు తలకాయతో.
కొడుకు మొలతాడుకి వెండి పనికొస్తుందని
పట్టుకెళితే
కంసాలి గీటురాయి మీద రాసి
"కంచు, బైరాగీ" అన్నాడు.
తుపాకీ మోసినవాళ్ళకి వెండి,
బరువులు మోసినవాళ్ళకి కంచు.
నేనిది మొన్నీమధ్య చదివి తెలుసుకున్నాను.
ఆయనకి కంసాలి చెప్పాడు.

సీసం గుళ్ళు కొనలేని ఏడు
నాయనమ్మ దాన్ని వల అంచుకి కట్టింది.
చెవి ఉంది కదా, తాడు సులువుగానే దూరింది.
ఎన్ని విసుర్లు మునిగాడో రాజు
వశిష్ఠ అడుగున, ఒండ్రులో,
రొయ్యలకి పక్కమొహం చూపించుకుంటూ.
ఓ రోజు వల తేలిగ్గా వచ్చింది.
ఎవరూ వెతకలేదు.

నిన్న మేం ఎక్కిన పంటు మేట ఎక్కింది.
సరంగు కొడుకు గెడ దించి
"బారకి తక్కువే" అని వెనక్కి అరిచాడు.
ఇంజను ఆగిపోయింది. కాసేపు నీళ్ళ చప్పుడే.
టికెట్ల కుర్రాడు నా ముందుకొచ్చి నిలబడ్డాడు.
పాత బాకీతో సహా
ఇచ్చేశాను.