నీలం బొత్తాం

హార్స్‌షూ బే రేవులో పడవ నలభై నిమిషాలు ఆలస్యం.
టికెట్ల గది పక్కన టీవీలో మనవాడే, నీలి కోటు.
గొంతు కట్టేశారు, బొమ్మ మాత్రం ఆడుతోంది.
మూడో సీజన్ ముగింపు. వానని చూసి గుర్తుపట్టాను.
ఆ ఏడు బర్నబీలో కురిసిన వానంతా
వేరే ఊరి వానగా అమ్ముకున్నాం.

నా పేరు చివర్లో అర సెకను పరిగెడుతుంది:
గ్రెటా లిండ్‌క్విస్ట్, కంటిన్యుయిటీ.
అంటే, నిన్నటి షాట్‌లో కాఫీ కప్పు ఎడమచేతిలో ఉంటే
ఇవాళా ఎడమచేతిలోనే ఉండేట్టు చూడటం.
జీతం తీసుకుని గుర్తుపెట్టుకోవడం.

కథ ఇంతే. చెల్లెలు వంతెన మీద చచ్చిపోతుంది.
అతను కాలంలో వెనక్కి వెళ్తాడు. మళ్ళీ చచ్చిపోతుంది.
గతజలానికి సేతుబంధనం.
పదకొండుసార్లు కట్టాడు,
పదకొండుసార్లూ ఒక రాయి తక్కువైంది.
పన్నెండోసారి ఆ రాయి తనేనని తెలిసి దూకాడు.
అతను పుట్టనే పుట్టని రోజుల్లోంచి
ఆమె నడిచి ఇంటికొస్తుంది.

పదకొండు చావులు నాకు పదకొండు చీటీలు.
మూడో చావులో జడ విడిపోయి ఉంది, ఐదులో ఒక చెప్పు లేదు,
ఎనిమిదిలో బుగ్గ మీది నెత్తురు ఆరిందా, తడిగానే ఉందా?
భోజనాల వేళ ఆ పిల్ల థియా
చచ్చిన ముఖంతోనే కూచుని పాస్తా తినేది,
మరక చెదరకుండా స్ట్రాతో నీళ్ళు తాగుతూ.

దూకింది హీరో కాదు.
ఓరెస్ట్ కొవాల్‌చుక్. యార్క్‌టన్ గోధుమనేల మనిషి,
అక్కడ ఎత్తంటే ధాన్యపు గాదె ఒక్కటే.
అదే కోటు, అదే జుట్టు, అదే నడక,
ముఖం ఒక్కటే కెమెరాకి అక్కర్లేనిది.
ఏడో టేక్‌లో గాలిపరుపు అంచు మీద పడ్డాడు.
కట్ అన్నారు. లేవలేదు.
రెండు వెన్నుపూసలు.
ఏడో టేకే వాడారు. చాలా బాగా వచ్చిందట.

ఆ రాత్రి ఒంటరిగా దాన్ని వెనక్కి తిప్పాను.
వెనక్కి తిప్పితే మనిషి లేస్తాడు,
కోటు గొడుగులా ముడుచుకుని
వంతెన అంచుకి నిక్షేపంగా చేరతాడు.
అక్కడ ఆపి ఎంతసేపు కూచున్నానో
ఏ చీటీలోనూ రాసుకోలేదు.

చివరి రోజు నా పని అతన్ని చెరపడం.
గోడ మీది ఫొటోల్లోంచి, చెప్పుల అలమరలోంచి,
తలుపు చట్రం మీద ఎత్తు కొలిచిన పెన్సిలు గీతల్లోంచి.
చెల్లి వంటింట్లోకి వస్తుంది. అన్నయ్యా అనే పిలుపు
ఆ ఇంట్లో ఎప్పుడూ లేదు.
యాక్షన్ అనబోతుండగా బల్ల మీద చూశాను,
ఉప్పు డబ్బాకి ఎడమపక్క, నీలం బొత్తాం.
గాలిపరుపు కింద దొరికింది, ఓరెస్ట్ కోటుది.
నా జేబులోంచి జారిందనే ఇప్పటికీ చెప్తాను.
నోరు విప్పాలి. అదే నా ఉద్యోగం.
విప్పలేదు.

ఇక చూసినవాళ్ళు ఎన్ని చెప్పుకున్నారని!
కాలం మింగలేని గింజ అన్నారు.
రచయితలు తలూపి, ముందే అనుకున్నదేనన్నారు.
ఒకావిడ మెడ మీద పచ్చబొట్టు పొడిపించుకుంది.
నాలుగో సీజన్‌లో ఆ బొత్తాం పట్టుకునే
అతన్ని బతికించి లాక్కొచ్చారు.
త్యాగం మొత్తం తొమ్మిది ఎపిసోడ్లు నిలిచింది.

ఓరెస్ట్ నడుము ఏ సీజన్‌లోనూ బాగుపడలేదు.
నానైమోలో పడవ ఇంజన్లు చూస్తాడు,
గంటకోసారి నేల మీద వెల్లకిలా పడుకుంటాడు.
ఒకసారి అడిగాను: నువ్వు వెనక్కి వెళ్ళగలిగితే?
కాసేపు బోల్టు తుడిచాడు.
"ఆరో టేక్ బాగుంది. చాలని చెప్పాను. వినలేదు."
తర్వాత స్పానర్ అందించమన్నాడు.

టీవీలో వంటిల్లు వచ్చింది. తడి టోపీ కుర్రాడొకడు
వాళ్ళమ్మ చెయ్యి లాగుతున్నాడు: అదిగో, అదిగో!
ఆమె ఫోన్లోంచి తలెత్తేలోపు షాట్ మారింది.

పడవ కూత వేసింది.
సంచీలో ఓరెస్ట్ అడిగిన గాస్కెట్లు, ఒక రై రొట్టె.
రెండో షాట్‌లో ఆ బొత్తాం ఉప్పు డబ్బాకి కుడిపక్క ఉంటుంది.
ఇంతవరకు ఎవరూ పట్టుకోలేదు.