తవుడు రిజిస్టరు

శ్రీకాకుళంలో ఏడురోడ్ల జంక్షన్ నుంచి
ఎనిమిదో రోడ్డులో మా ఆఫీసు.
కాల దస్తావేజుల భద్రత శాఖ.
బోర్డు మీద మొదటి మాట పెయింటు రాలిపోయింది.
అందుకే మా దగ్గరికి ఎక్కువగా
గట్టు తగాదాల వాళ్లే వస్తారు.

నేను రికార్డు అసిస్టెంటుని.
ఇరవై ఆరేళ్లుగా పొద్దుల్ని కట్టలు కట్టి
ఎర్రగుడ్డ చుట్టి
కలరా ఉండలు వేసి పెడుతున్నాను.
అరసవల్లి నుంచి ఏడాదికి రెండుసార్లు ఎండ వస్తుంది,
ఇన్‌వర్డులో ఎక్కించి రసీదు ఇస్తాను.
గ్రహణాలు పై అరలో.
తుఫాను రాత్రులకు వేరే గది,
తాళం వేసినా తలుపు కొట్టుకుంటూనే ఉంటుంది.
కరెంటు పోయిన సాయంత్రాలు లెక్కకు మించాయి,
గోనెసంచుల్లో కుక్కి మెట్ల కింద పడేశాం.

బరువంతా జనవరి ఒకటి బీరువాదే.
పుట్టినరోజు తెలియని వాళ్లందర్నీ
కంప్యూటరు కుర్రాళ్లు అందులోకే తోశారు.
సీతంపేట కొండల మీద పోడు కాల్చిన నాడు పుట్టినోళ్లు,
భావనపాడులో పడవ తిరిగిరాని వారం పుట్టినోళ్లు,
అందరూ ఒకే చలిపొద్దున
వరసగా నిలబడి పుట్టినట్టు.
బీరువా కాళ్లు జానెడు నేలలోకి దిగాయి.
ఆషాఢం బీరువాలో మాత్రం
ఒక బల్లి, రెండు గుడ్లు.

మొన్న మంగళవారం లెంక తవిటమ్మ వచ్చింది,
బూర్జ అవతలి పల్లె నుంచి.
చేతిలో పింఛను కాగితం.
"బాబూ, నాను జనవరిలో పుట్టలేదు.
ఏరు పొంగినాదంట. మాయమ్మ
ఉబాల మద్దిలో గట్టెక్కి నన్ను కన్నాదంట.
జనవరిలో ఏరు పొంగుద్దేటి?"

ఫారం పదకొండు తీశాను.
సాక్షులు?
"సచ్చిపోనారు."
ఆధారం?
"నా పేరే."

వారం వెతికాను.
నాగావళి వరదల కట్ట విప్పితే టేబులంతా తడిసింది.
జననాల్లో ఆమె లేదు.
మరణాల్లో ఆ ఇంటిపేరు మీద ముగ్గురు పసివాళ్లున్నారు,
పేరు రాయాల్సిన గళ్లు ఖాళీగా.
చివరికి సరుకుల రిజిస్టరులో,
బెల్లం దిమ్మలకీ చింతపండుకీ మధ్య దొరికింది:

"పొరుగింటి దుంపల సూరమ్మకు
ఆడగుంట ఒకటి.
ధర, కుంచెడు తవుడు.
పురుడై మూడో నాడు. ముట్టినది."

ముగ్గురూ పోయాక
నాలుగోసారి చావు అదే చిరునామాకి వస్తే
ఇక్కడ ఎవరూ లేరని చెప్పడానికి.

సూపరింటెండెంటు గారు కళ్లద్దాలు తుడుచుకున్నారు.
"ఇది అమ్మకం. జననానికి చెల్లదు."
మూడురోజులు వెనక్కి లెక్కేస్తే సరిపోతుంది కదండీ, అన్నాను.
"వెనక్కి లెక్కించే అధికారం జోనల్ ఆఫీసుకే ఉందయ్యా."

తవిటమ్మ వరండాలో
పొగ తాగరాదు అన్న బోర్డు కింద కూచుంది,
ఆరిపోయిన అడ్డపొగ చుట్ట నోట్లో అలాగే ఉంచుకుని.
విషయం చెప్పాను.
"ఎనక్కెందుకు బాబూ?
పుట్టినోలు ముగ్గురూ పోనారు.
నన్ను అమ్మినారు, నాను బతికినాను.
అమ్మిన్రోజే రాసీ."

నా సర్టిఫికెట్టులో జూన్ పదిహేను.
కోటబొమ్మాళి బడిలో హెడ్మాస్టరు
ఆ పూట చేరిన పదకొండుమందికీ అదే రాశాడు.
ఆ తేదీ పట్టుకునే ఉద్యోగంలో చేరాను,
ఆ తేదీ పట్టుకునే వచ్చే ఏడు దిగిపోతాను.
అమ్మ ఉన్నప్పుడు అడగాలని తోచలేదు.

సూపరింటెండెంటు గారు టీకి వెళ్లారు.
ఆయన పచ్చసిరా పెన్ను టేబులు మీదే ఉంది.
పుట్టిన తేదీ గడిలో రాశాను:
కుంచెడు తవుడు.
ముద్ర గట్టిగా వేశాను. కింది కాగితానికి కూడా అంటింది.

"నకలు రుసుము పది రూపాయలమ్మా."

కొంగు ముడి విప్పుతూ మధ్యలో ఆగింది.
"పది రూపాయలకి
ఇప్పుడెంత తవుడొస్తాదేటి బాబూ?"

తెలీదు.
ధరల రిజిస్టరు కోసం లేచాను.