వేడిని దింపే చోటు

భోగాపురం. రోహిణి కార్తె మూడో రోజు.
రోళ్ళు పగిలే ఎండ అంటారు గానీ
ఇక్కడ రోలెక్కడిది, అంతా కాంక్రీటే.
దాని మీద తొమ్మిది సీట్ల చిన్న విమానం
ఇసకలో ఆరేసిన ఎండుచేపలా మెరుస్తోంది.

పైలట్ కాలరు వెనక్కి లాక్కుంటూ అన్నాడు:
"లోపల ఉడికిపోతున్నారమ్మా, కాస్త చల్లదనం పుట్టించు."

దాన్నెవరూ పుట్టించలేరు సారూ,
అనలేదు.
తోక కింది మూత విప్పి
మోకాళ్ళ మీద లోపలికి దూరాను.

మా నాన్న కొర్లయ్య
భావనపాడు ఐసు ఫ్యాక్టరీలో ఇరవై రెండేళ్ళు
అమ్మోనియాకి కాపలా.
ఇంటికొచ్చేసరికి కళ్ళెర్రన, చొక్కా ఘాటు.
ఎండాకాలం సెలవుల్లో
కంప్రెసర్ పక్కన నన్ను నిలబెట్టి అరిచేవాడు,
ఆ చప్పుడులో అరిస్తే గాని వినపడదు:
"సలి అన్నదే నేదే అమ్మీ!
ఉన్నది వేడొక్కటే.
దాన్ని ఇక్కడ ఎత్తుకోవాల, అక్కడ దింపాల.
కావిడి మోసినోడికి తెలిసినట్టు
ఇంకెవుడికీ తెల్దు."

ఇక్కడా అదే కావిడి.
కాకపోతే ఘాటు లేని గ్యాసు,
చిటికెనవేలంత పైపులు.
సీట్ల వెనక సన్నరేకుల గూట్లో
అది మరుగుతుంది, పొయ్యి లేకుండా,
మనుషుల ఒంటి వేడికే.
మరుగుతూ మరుగుతూ ఆ వేడినంతా ఒళ్ళో వేసుకుని
ఆవిరై వెళ్ళి కంప్రెసర్ చేతిలో పడుతుంది.
అది పిడికిట్లో బిగించి నొక్కుతుంది.
అంత ఇరుకులో మోసుకొచ్చిందాన్ని దాచుకోలేక
భగభగమంటూ తోకలోకొచ్చి
గాలి తగిలే రేకుల దగ్గర మూట దింపి
నీరుగా మారుతుంది, అమ్మయ్య అన్నట్టు.
ఆఖర్న ఒక సూదిబెజ్జం.
ఆ బెజ్జం దాటి వెడల్పులో పడ్డ క్షణాన
ఇంజెక్షన్‌కి ముందు పూసిన స్పిరిట్టులా
జిల్లుమంటుంది.
మళ్ళీ సీట్ల వెనక్కి. మళ్ళీ మూట.

పెద్ద విమానాలకి ఈ గ్యాసే అక్కర్లేదు,
ఇంజను గాలినే నొక్కి, తిప్పి, చల్లార్చుకుంటాయి.
కలిగినవాళ్ళ వంట వేరు.

ఎగిరాక పర్లేదు, ఎదురుగాలి వచ్చి బరువందుకుంటుంది.
నేల మీద నిలబడ్డప్పుడు ఒక్క ఫ్యానే దిక్కు.
ఆ ఫ్యాను ముందు ఇప్పుడు నా మొహం.

సబ్బు నురగ పూసుకుంటూ పోయాను
జాయింటు తర్వాత జాయింటు.
ఎనిమిదో దాని దగ్గర ఒక బుడగ, ఆవగింజంత.
పుట్టింది. ఉబ్బింది. చిట్లింది. మళ్ళీ పుట్టింది.
రబ్బరు రింగు చీలింది, అంతే.
ఇంతమంది చెమటకి ఇంత కారణం.

మిగిలిన గ్యాసు సిలిండర్లోకి లాగి, రింగు మార్చి,
గంటన్నర సేపు వాక్యూమ్ పంపు.
లోపల ఒక్క తడిచుక్క మిగిలినా
సూదిబెజ్జంలో గడ్డకట్టి దారి మూసేస్తుంది.
చల్లదనానికి మంచే శత్రువు.
ఇది నాన్న చెప్పలేదు.
తప్పు చేసి నేర్చుకున్నాను, వేరే ఊళ్ళో.

తూకం వేసి గ్యాసు నింపాను.
గాజుకంటిలో బుడగలు పలచబడి, ఒకటీ అరా అయి,
చివరికి ఏమీ కనపడలేదు. అదే కావాలి.
క్లచ్ టక్కున పట్టింది.

కాసేపటికి విమానం పొట్ట కింద చుక్కలు.
గేటు దగ్గర కుర్చీలో ఉన్న తవిటయ్య లేచొచ్చి
"ఇదేటే, ఇమానం ఉచ్చోసుకుంతంది?" అన్నాడు.
"కాదు మామా, లోపలోళ్ళ ఊపిరి.
కొంత సముద్రం కూడా."
నమ్మలేదు. టిఫిన్ డబ్బా మూత పట్టాడు.
నాలుగు గుటకలన్ని నీళ్ళు
మెడకి రాసుకున్నాడు.
"సల్లగుందే!"
మళ్ళీ అనుమానం: "మరి ఆ వేడంతా ఏటైపోనాది?"

తోక పక్క గాలి వణుకుతూ కనపడుతోంది,
పెనం మీద గాలిలా.
"నీ కుర్చీ మీదికే మామా."

తవిటయ్య కుర్చీ రెండు బారలు జరుపుకున్నాడు.
నేను జరగలేదు.
మూత బిగించే ముందు పనిముట్లు లెక్కపెట్టుకోవాలి.
పదిహేడు ఉండాలి.
పదహారున్నాయి.