గోడ చాలని ఏరు

మా స్కూలు వరండా గోడ మీద
పాతికేళ్ళ కిందటి శ్రీకాకుళం జిల్లా పటం.
డ్రాయింగు మేష్టారు కణితి సూర్యం
రిటైరయ్యే ముందు వేసి వెళ్ళినది.
సముద్రానికి బట్టల నీలిమందు,
కొండలకి ఎండిన పేడ రంగు,
సంగాం దగ్గర ఒక ఎర్ర చుక్క:
"మనం ఇక్కడున్నాం."

ఒక ఉగాది వెళ్ళిన రెండోనాడు
ఆ చుక్క అబద్ధమైపోయింది.
ఊరు కదల్లేదు, ఏరు కదల్లేదు,
ఒక ఉత్తర్వు కదిలింది.
తెల్లారేసరికి మేం విజయనగరంలో ఉన్నాం.
వంట చేసే జోగమ్మ అంది కదా:
"పించను కాయితంల జిల్లా మారిపోనాది గానీ
నా మోకాలి నొప్పి మారనేదు బావూ."

గీత మార్చమన్నారు హెడ్‌మాష్టారు.
సోషలు నాది కాబట్టి స్టూలు కూడా నాదే.
గరుకు కాగితంతో సరిహద్దు గోకుతుంటే
సున్నం కళ్ళలో పడి
చైనా గుర్తొచ్చింది.

అక్కడ పూర్వం ఏళ్ళ గురించి రాసినవాళ్ళు
ప్రతి ఏటికీ ఒక చిరునామా రాసేవారట.
ఫలానా కౌంటీ పడమటి కొండలో పుట్టును,
ఫలానా కౌంటీకి దక్షిణంగా పోవును,
ఫలానా దగ్గర ఇంకో ఏరు వచ్చి కలియును.
తర్వాత రాజులు మారారు.
ఒక కౌంటీ పక్కదాని కడుపులో పడింది,
ఒకటి పేరు మార్చుకుంది,
ఒకటి మట్టిగోడై జొన్నచేను కింద నిద్రపోయింది.
ఉత్తరాన యుద్ధమొస్తే జనం దక్షిణానికి పారిపోయి
కొత్తచోట పాత కౌంటీ పేరే పెట్టుకున్నారట,
కూకట్‌పల్లిలో శ్రీకాకుళం మెస్సు పెట్టినట్టు.
పేరు మూటలో పట్టింది.
ఏరు పట్టలేదు.

"సార్," కింద నుంచి ఇప్పిలి దమయంతి,
ఎనిమిదో తరగతి, స్టూలు పట్టుకునే డ్యూటీ.
"సువర్ణముఖి, వేగావతి, నాగావళి
మూడూ మనూర్లోనే కలుస్తాయి కదా,
కలిసినాక నాగావళే అంటారేటి?
మిగతా రెండూ ఎటెల్లిపోనాయి?"

పొడుగైనదాని పేరు నిలుస్తుందమ్మా
అన్నాను, పుస్తకం గొంతుతో.
అని, నాకే నమ్మకం చాలక ఆగాను.
యాంగ్‌ట్సీ తల ఏదంటే
రెండు వేల ఏళ్ళు మిన్ ఏటినే చూపించారు,
పాత గ్రంథంలో ఉంది గనక.
చివరికి ఎవరో ఒక మనిషి
చెప్పులరిగేలా నడిచి వచ్చి
కాదయ్యా, అవతలిదే పెద్దది,
బంగారు ఇసక అని పేరున్నది, అన్నాడు.
ఆ మాట గ్రంథాలకి ఎక్కడానికి
ఆయన బతుకు చాల్లేదు.
మాకూ ఉంది ఒక బంగారు పేరుది.
వైశాఖంలో దాన్ని దాటితే చీలమండ తడవదు.

"అయితే నాగావళి మొదలేది సార్?"

చూపించబోయాను.
నా వేలు గోడ అంచు దాకా పోయి ఆగింది.
సూర్యం మేష్టారి నీలిగీత
అక్కడ కోసిన దారంలా తెగి ఉంది.
కలహండి కొండలు అన్నాను, ఒడిశా అన్నాను.
ఒడిశాకి గోడ లేదు.

దమయంతి స్టూలు వదిలేసింది.
(నేను కిటికీ ఊచ పట్టుకున్నాను.)
జోగమ్మ పొయ్యిలోంచి బొగ్గు తెచ్చి
తెగిన చోట మొదలెట్టి గీసుకుంటూ పోయింది,
కిటికీ చెక్క మీదుగా, నోటీసుబోర్డు కిందుగా,
"ఎవరే గోడలు పాడుసేస్తన్నది" అని తిడుతున్న
జోగమ్మ వంటగది మలుపు తిరిగి,
గుడ్ల ట్రేలు దాటి,
చేతులు కడుక్కునే కుళాయిల దగ్గర
బొగ్గు అరిగిపోయి ఆగింది.

నాలుగో కుళాయికి వాషరు పోయి ఏడాది.
చుక్క. కాసేపటికి ఇంకో చుక్క.
"ఇక్కడ సార్," అంది,
నల్లటి వేళ్ళు దాని కింద పెట్టి.

నేను స్టూలు మీదే ఉన్నాను.
కొత్త జిల్లా పేరు పెన్సిలుతో రాశాను,
రంగు వెయ్యలేదు.
ఎర్ర చుక్క జోలికి పోలేదు.
ప్లంబరుకి ఫోను చెయ్యాలి,
ఇవాళ కాదు.