అద్దం రేపిస్తం

మూడునూర్ల సీడీలు దిగినయి
రామంతపూర్ రూముకు, ఆటోల, మా ఒళ్లె.
అన్నీ మా పైసలే. ఫెలిక్స్ బండి అమ్మిండు.
బాబ్జాన్ పద్దెనిమిది బరాత్‌ల కూలి పెట్టిండు.
నేను చిట్టీ ఎత్తిన, అమ్మకు చెప్పలే.

అట్ట మీద "అద్దె రేపిస్తం" అని ఉండాలె.
నల్లకుంట ప్రెస్సాయన
"అద్దం రేపిస్తం" అని కొట్టిండు.
కొట్లాటకు పోతే ఛాయ్ తాపి పంపిండు.

మాది స్కా. అంటే ఏందని ఎవలడిగినా
బాబ్జాన్‌ది ఒక్కటే జవాబు:
దెబ్బ పడాల్సిన కాడ పడదు భాయ్,
పక్కన పడ్తది.
మన జీతం లెక్క.

మొదటి పాట నల్లా మీద.
ట్రంపెట్ దగ్గుతది, బుస్సుమంటది, ఉత్త గాలొస్తది.
అది రికార్డింగుల తప్పు కాదు,
పదకొండు టేకులు తీసుకున్నం.
నాలుగోది రాంగ్ రూట్ల ఎదురొచ్చి
మననే తిట్టెటాయన మీద.
ఏడోది ఓనరమ్మ సులోచన మీద. ఆమె గేటు చప్పుడే డ్రమ్ము.
అందుకే ఒక సీడీ ఫ్రీగ చేతుల పెట్టి
మెట్లెక్కి ఉరికినం.

అమ్ముడువోయినయి నలభై ఒకటి.
అందుల ఇర్వై బాబ్జాన్ మేనమామ కొన్నడు, వలీమాల పంచనీకి.
పెండ్లికొడుకు ఇంకా మాట్లాడ్తలేడు.

ఒకటో తారీకు పొద్దుగాల చూస్తే
కింది బాల్కనీల, పావురాలు రాకుండ,
దారానికి మా సీడీ.
గిరగిర తిరుగుతుంటే గోడంత సింగిడి.
ఓనరమ్మ దాన్ని చేత్తోని ఆపి
అందుల చూస్కుంట బొట్టు సక్కగ చేస్కున్నది.
అద్దమైతే ఇచ్చినం గద, అన్నడు ఫెలిక్స్.

రాత్రి తొమ్మిదికి గేటు కొట్టింది.
ఠక్. జరసేపాగి, ఠక్కఠక్.
దెబ్బ పక్కన పడ్డది.
విన్నదిరో, అన్నడు బాబ్జాన్, కండ్లల్ల నీళ్లతోని.
లైటు బంద్ చేసినం.