తరుగు

దామలచెరువు మండీలో
కాటా గుమాస్తాను.
రాత్రిళ్ళు లైబ్రరీ పుస్తకం చదువుతా,
మంచి అంటే ఏందని
మూడొందల పేజీలు.
నూట పన్నెండో పేజీలో
నా వేలి సొన మరక, తోతాపురిది.

టన్నుకు యాభై కిలోలు
తరుగు రాయమంటాడు యజమాని.
పుస్తకంలో తరుగు అనే మాటే లేదు.
వెతికినా.

తెల్లారి చెంగమ్మ ట్రాక్టరొచ్చింది.
"ఎంత తూగిందబ్బా?" అనింది
అంకెలు రాని కళ్ళతో
నా నోటినే చూస్తా.

ఒక అంకె చెప్పేదానికి
ఇంతసేపు ఎప్పుడూ పట్టలేదు నాకు.

ఉన్నదే చెప్పినా.
వెనక యజమాని దగ్గినాడు,
రెండుసార్లు.

సోమవారం పుస్తకం తిరిగియ్యాల.
ఇంకా సగముంది.
ఈ మరక ఎవరిదని అడుగుతారు.
నాదే అనాల.