సగం దించిన షటరు

నోటీసు సాయంత్రం వచ్చింది,
వాయిదా మర్నాడు పదిన్నరకి.
బాధితురాలి మాట వినకుండా బెయిల్ ఇవ్వకూడదని
చట్టంలో ఉందట.
అందుకని ఒక్క రాత్రి ముందు
కానిస్టేబుల్ సైకిల్ దిగి
నా ఎడమచేతి బొటనవేలు అడిగాడు.
కుడిచేతికి కట్టు ఉంది మరి.

ఛతర్‌పూర్ బస్సు నాలుగున్నరకి.
మూటలో నా కూతురు ఫూలా కాల్చిన రొట్టెలు,
ఆ పిండి మర పట్టింది కాదు,
మా అత్త తిరగలిది.

హర్బల్ సింగ్ రాలేదు.
ముందస్తు బెయిల్‌కి మనిషి రానక్కర్లేదట,
వకీలు చాలట.
వకీలు గొంతు పెంచే మనిషి కాదు.
అన్నాడనే అనుకుందాం సార్, అన్నాడు,
ఎక్కడ అన్నాడన్నదే ప్రశ్న.
నాలుగు గోడలు, పైన రేకు, షటరు సగం దించి ఉంది.
నలుగురి ఎదుట అంటేనే కదా ఈ చట్టం.
లోపల ఎవరున్నారు?

ఎవరూ లేరు. నిజమే.
డబ్బాలున్నాయి.
మా ఊళ్ళో మనిషి బదులు డబ్బా నిలబడుతుంది వరసలో,
మనుషులు ఎదురుగా బీడీ కొట్టు దగ్గరుంటారు.
ఎర్ర మూతది మాస్టారిది,
చెవికి గుడ్డపీలిక కట్టింది దర్జీది,
అన్నిటి వెనక, జానెడు ఎడంగా, నాది.
ఆ రోజు ఎవరో వరస జరిపారు.
నా డబ్బా ముందుదానికి ఆనింది.
అంతే.

తర్వాతదంతా ఫైల్లో ఉంది:
రోడ్డు మీద ఐదు కిలోల గోధుమలు,
మణికట్టు ఎముక,
ఒక మాట.
ఆ మాటని జడ్జిగారు పైకి చదవలేదు.
వాననీళ్ళ గుంటని దాటినట్టు
కళ్ళతో దాటి వెళ్ళారు.

మర తిరుగుతుంటే, అన్నాడు వకీలు,
బెల్టు చప్పుడుకి పక్కవాడి కేకే వినపడదు,
వీధికెలా వినపడుతుంది?

చెప్పేదేమన్నా ఉందామ్మా, అని నన్నడిగారు.
బస్సులో కూడబెట్టుకున్నదంతా ఎటో పోయింది.
ఒక్కటి మిగిలింది.
కరెంటు పోయింది సారూ, అన్నాను.

ఆయన తలెత్తి ఫ్యాన్ చూశారు.
అది తిరుగుతూనే ఉంది.

ఇప్పుడు కాదు సారూ, ఆ రోజు.
అతను మాట మొదలుపెట్టినప్పుడు మర తిరుగుతోంది.
సగంలో కరెంటు పోయింది.
బెల్టు ఆగింది, రాయి ఆగింది,
మాట ఆగలేదు.
మిగతా సగం వెళ్ళి వీధిలో పడింది.
బీడీ కొట్టు దగ్గర నవ్వు తెగింది.
దర్జీ మిషను చప్పుడు లేదు.
షటరు కిందనుంచి కాళ్ళు కనిపించాయి నాకు,
ఎనిమిదో పదో, ఇటు తిరిగి.
ఒక్కటీ ముందుకి రాలేదు.
రాకపోతే పోయె,
అక్కడ ఉన్నాయి కదా సారూ.

కరెంటాఫీసు పుస్తకం తెప్పించారు.
పదకొండూ నలభైకి పోయిందని
ఎవరి తరఫునా కాకుండా రాసుంది అందులో.

ముందస్తు ఇవ్వలేదు.
లొంగిపోయాడు, నలభై మూడు రోజులు లోపలున్నాడు,
ఆపైన మామూలు బెయిల్ వచ్చింది.
ఇద్దరి పూచీ, యాభై వేలు, ఒక షరతు:
మా వాడ మలుపు తొక్కకూడదు.

మర ఉన్నది ఆ మలుపులోనే.
కొడుకులు నడపమన్నారు. షటరు పూర్తిగా దిగింది.
ఊరంతా ఏడు కిలోమీటర్లు పోతోంది పిండికి,
నా గుమ్మం ముందునుంచే, నెత్తిన డబ్బాలతో,
నా వైపు చూడకుండా.
జైలుకి పోయింది అతను,
అలిగింది నా మీద.

నిన్న చీకటిపడ్డాక దర్జీ వచ్చాడు.
వాకిట్లోనే నిలబడి, గొంతు తగ్గించి,
తిరగలి ఒక్క పూట ఇస్తావా, అన్నాడు.
మా ఇంటి రాయి, అతని ఇంటికి.
నేను మొహం చూడలేదు, కాళ్ళు చూశాను.
ఎడమ చెప్పు పట్టీకి నీలం దారం కుట్టు.
షటరు కింద చూసిన కుట్టే.

తిరగలి ఇచ్చాను.
సాక్ష్యాల వాయిదా ఎప్పుడో కూడా చెప్పాను.